నిమ్మలో పాముపొడ: ముడుచుకున్న ఆకు మీద మందు దండగ

సందేహం: మా నిమ్మతోట వయసు రెండేళ్ళు. కొత్త చిగురు వచ్చినప్పుడల్లా ఆకుల మీద వంకరటింకరగా వెండి గీతలు పడి, ఆకు ముడుచుకుపోతోంది. పది రోజుల్లో రెండుసార్లు మందు కొట్టినా ముడత విప్పుకోలేదు. ఆ ఆకులన్నీ తుంచేయమంటున్నారు. తుంచాలా సార్?

సలహా: తుంచకండి. ఇది పాముపొడ, లేత ఆకు పొర కింద దూరి తొలిచే చిన్న పురుగు పని. గీతలు పడ్డ ఆకులో పచ్చదనం ఉన్నంతకాలం అది చెట్టుకు తిండి వండిపెడుతూనే ఉంటుంది. పైగా తుంచితే మళ్ళీ లేత చిగురు వేస్తుంది. పురుగుకు కావాల్సిందే అది.

ముడత విప్పుకోలేదు కాబట్టి మందు పనిచేయలేదని కూడా అనుకోకండి. ఒకసారి ముడుచుకున్న ఆకు ఏం కొట్టినా సాఫీ కాదు. గీత పడ్డ ఆకునొకదాన్ని వెలుతురుకు ఎత్తి పట్టుకుని చూడండి. గీత మధ్యలో సన్నటి నల్లదారం కనబడుతుంది, అది పురుగు రెట్ట. ఆ దారం ఆగిన చోట లేత పసుపు రంగు పురుగు ఉంటే ఇంకా తింటోందని అర్థం. గీత ఆకు అంచుదాకా పోయి అక్కడ అంచు మడతపడి ఉంటే, లోపల కోశస్థ దశ, అంటే పురుగు గూటిలో రెక్కల పురుగుగా మారుతోందన్నమాట. మడత ఖాళీగా ఉంటే రెక్కల పురుగు ఎప్పుడో ఎగిరిపోయింది, మీరు కొట్టింది ఖాళీ ఇంటి మీద!

ఈ రెక్కల పురుగు రెక్కలు చాపినా 5 మి.మీ. మించదు, తెల్లగా వెండిలా ఉంటుంది, రెక్క చివర నల్లచుక్క. సంధ్యవేళ, రాత్రిపూట తిరుగుతుంది కాబట్టి పగలు కంటపడదు. లేత ఆకుల మీద ఒక్కొక్క గుడ్డే పెడుతుంది. వెచ్చటి వాతావరణంలో రెండు వారాలకే ఒక తరం పూర్తవుతుంది, చలిలో నెల దాటుతుంది. ముదిరిన ఆకు జోలికి రాదు.

అందుకే మందు కొడితే చిగురు వేలిగోరంత ఉన్నప్పుడే కొట్టాలి. లీటరు నీటికి 5 మి.లీ. వేపనూనె, కాస్త సబ్బునీళ్ళు కలిపి ఆకు అడుగు కూడా తడిసేలా పిచికారీ చేయండి, చిగురు ముదిరేదాకా వారానికోసారి. అప్పటికీ ఆగకపోతే ఇమిడాక్లోప్రిడ్ అనే పురుగుమందు, లేబుల్ మీద నిమ్మకు రాసిన మోతాదులోనే. పూత ఉంటే మాత్రం వద్దు, తేనెటీగలు చస్తాయి. అస్తమానం ఘాటు మందులు కొడితే పురుగును తినే చిన్న కందిరీగలు కూడా పోతాయి. 1993లో ఈ పురుగు అమెరికాలోని ఫ్లోరిడాకు చేరి నెలల్లోనే తోటలన్నీ చుట్టేస్తే, మరుసటి ఏడాది అక్కడివాళ్ళు అలాంటి కందిరీగనే తెచ్చి వదిలారు.

యూరియా ఒకేసారి గుప్పించకండి, నీటి కొమ్మలు (నిటారుగా ఏపుగా పెరిగేవి) తీసేయండి. చిగురు అంతా ఒకేసారి వచ్చి ఒకేసారి ముదిరితే పురుగుకు వరసగా మేత దొరకదు. నాలుగేళ్ళు దాటిన చెట్లయితే ఈ మాత్రం దెబ్బ తట్టుకుంటాయి, నేనైతే వాటికి మందే కొట్టను.

నాకు అసలు టెన్షన్ గజ్జి తెగులు గురించే. పురుగు తొలిచిన గాయాల్లోంచి ఆ తెగులు తెచ్చే బాక్టీరియా సులువుగా లోపలికి పోతుంది. గీతల వెంట గరుకుగా ఉబ్బిన గోధుమరంగు మచ్చలు, చుట్టూ పసుపు వలయం కనిపిస్తే లీటరుకు 3 గ్రాముల కాపర్ ఆక్సీక్లోరైడ్ పిచికారీ చేయండి. మచ్చలున్న కొమ్మలను మాత్రం కత్తిరించి కాల్చేయండి, ఆకులు ఎండి ఉన్నప్పుడే సుమా.