కాలి గొలుసు, కొలత గొలుసు

తమ్ముడూ,

స్క్రిప్ట్ చదివాను. రెండు సార్లు చదివా, రెండోసారి పెన్సిల్ పట్టుకుని కూర్చున్నా కాబట్టి లేట్ అయింది, ఏమనుకోకు. "అక్కా ఇది పక్కా ఫెమినిస్ట్ సినిమా, మీకు నచ్చి తీరుతుంది" అని మెసేజ్ పెట్టావు చూడు, అది చదవగానే నిజం చెప్పాలంటే గుండె గుభేలుమంది, ఎందుకంటే అలా ముందే చెప్పి ఇచ్చిన స్క్రిప్టులు చాలా చూసా, ఇంటర్వెల్ దగ్గర హీరోయిన్ చేత నలుగురిని ఉతికించి, క్లైమాక్స్ లో కోర్టులో ఒక పెద్ద డైలాగ్ చెప్పించి, మిగతా రెండు గంటలూ ఆ పిల్లని హీరో వెనకాల తిప్పుతూనే ఉంటారు. నీది మరీ అంత లేదులే. కానీ ఆ వీధిలోనే ఉంది.

సరే, నాలుగో పేజీ తియ్యి. హీరోయిన్ ఎంట్రీ. నువ్వు రాసింది రాసినట్టు పెడుతున్నా: "కాలి గొలుసులు. కెమెరా మెల్లగా పైకి. తడి జుట్టు. మొహం. నవ్వు." అయిపోయింది సీను. ఇంతకీ ఈ అమ్మాయి ఏం చేస్తుంటుందో అని వెతుక్కుంటూ వెళ్తే తొమ్మిదో పేజీలో వాళ్ళ బాబాయి నోట తెలిసింది, సర్వేయర్ అట! భూములు కొలిచే ఉద్యోగం. ఎగిరి గంతేసా, సర్వేయర్ హీరోయిన్ ని మనం ఎప్పుడు చూసాం చెప్పు. మరి ఆ పొద్దున ఆమె ఎక్కడికి బయల్దేరింది, సంచిలో ఏం పెట్టుకుంది, ఎవరి హద్దు రాయి దగ్గర ఎవరు కొట్టుకుంటున్నారు, ఇవేవీ లేవు. అదే హీరో ఎంట్రీ అయితే బైక్ చైన్ బిగిస్తూ, చేతుల నిండా గ్రీజు, మోచేత్తో చెమట తుడుచుకుంటూ, అరపేజీ. వాడికి పని ఇచ్చావు, ఈమెకి ఒళ్ళు ఇచ్చావు. కావాలని చేసావని అనను, చెయ్యి దానంతటదే అటు వెళ్ళిపోయింది, వంద సినిమాలు చూసిన చెయ్యి కదా.

భూమి కొలిచే దాన్ని కూడా గొలుసు అనే అంటారు తెలుసా, ఇప్పుడు మిషన్లు వచ్చేసాయి గానీ పాతవాళ్ళు గొలుసుతోనే కొలిచారు. నువ్వేమో కాలికి గొలుసు పెట్టావు, చేతిలో ఉండాల్సిన గొలుసు మర్చిపోయావు. నేను చెప్పబోయేదంతా ఇంచుమించు ఇంతే, కానీ రెండు ముక్కల్లో వదిలేసే మనిషిని కాదని నీకు తెలుసుగా.

ఇలా కింద నుంచి పైకి పాకే కెమెరాకి మేల్ గేజ్, అంటే మగ చూపు, అని పెద్ద పేరే ఉంది, లారా మల్వీ అనే ఆవిడ 1975 లో ఒక వ్యాసంలో వాడింది ఆ మాట. నా మోటు భాషలో చెప్పాలంటే, సినిమాలో మగాడు చూస్తాడు, ఆడది కనపడుతుంది, కెమెరా ఆ మగాడి కళ్ళు అరువు తెచ్చుకుంటుంది, హాల్లో కూర్చున్న మనమంతా ఆడా మగా తేడా లేకుండా ఆ కళ్ళతోనే చూస్తాం. అప్పట్నుంచి ఆ మాటని వాడి వాడి అరగదీసారు, నువ్వేం బట్టీ పట్టక్కర్లేదు. సీన్ రాసాక "ఇక్కడ చూస్తున్నది ఎవరు" అని ఒక్కసారి అడుక్కో చాలు. నాలుగో పేజీలో ఎవరు చూస్తున్నారు? హీరో ఇంకా ఊళ్ళోకే రాలేదు. చూస్తున్నది నువ్వే బాబూ.

బెక్డెల్ టెస్ట్ పాస్ అయిందని కూడా రాసావు. అది పుట్టింది 1985 లో, ఆలిసన్ బెక్డెల్ వేసిన ఒక కామిక్ లో, ఆ ఐడియా కూడా తన ఫ్రెండ్ ది అని ఆవిడే చెప్పింది. సినిమాలో ఇద్దరు ఆడవాళ్ళు ఉండాలి, వాళ్ళు ఒకళ్ళతో ఒకళ్ళు మాట్లాడుకోవాలి, ఆ మాటలు మగాడి గురించి కాకుండా ఉండాలి, అలా ఉంటేనే నేను సినిమాకి వెళ్తా అంటుంది అందులో ఒకామె. అలా చూసుకుంటే తను చూడగలిగిన ఆఖరి సినిమా 'ఏలియన్' అట, ఎందుకంటే అందులో ఇద్దరు ఆడవాళ్ళు ఆ రాక్షసి జంతువు గురించి మాట్లాడుకుంటారు! అది జోకు తమ్ముడూ. మనవాళ్ళు పట్టుకెళ్ళి ఐఎస్ఐ మార్కు చేసేసారు. నీ స్క్రిప్ట్ లో పాసయిన సీన్ ఏంటా అని చూస్తే, అక్కా చెల్లెళ్ళు చీర రంగు గురించి మూడు లైన్లు మాట్లాడుకున్నారు. పాసే, కాదనను, 35 మార్కులు.

నాకేదో పుట్టుకతోనే ఇవన్నీ తెలుసన్నట్టు మాట్లాడుతున్నా గానీ నా పాపాలు నీ నాలుగో పేజీ కంటే పెద్దవి. ఒకసారి ఒక పెద్ద సినిమా కథా చర్చల్లో కూర్చున్నా, ఎనిమిది మందిమి, ఆడదాన్ని నేనొక్కదాన్నే. కథలో హీరోయిన్ లాయరు. మొదటి సిట్టింగ్ లో ఆమెకో కేసు ఉండేది, మంచి కేసు, ఇప్పటికీ నాకు గుర్తుంది. రెండో సిట్టింగ్ కి "కేసు ల్యాగ్ అయిపోతోంది" అన్నారు, తీసేసారు, నల్లకోటు మిగిలింది. ఇంకో వారానికి లా చదివే అమ్మాయి అయింది, కాలేజీలో పాట పెట్టుకోవచ్చని. తర్వాత ఉత్త కాలేజీ అమ్మాయి. ఆఖరికి ఒకాయన "అసలు ఈ పిల్ల ఏం చదువుతుందో ఎవడిక్కావాలండీ" అన్నాడు, అందరూ నవ్వారు, అప్పుడు పెన్ను తీసి ఆ చదువు ముక్క కూడా కొట్టేసింది ఎవరనుకున్నావు, నేనే. తర్వాతి సినిమాకి కూడా పిలుస్తారన్న ఆశ. పిలిచారు. టైటిల్స్ లో నా పేరు మాత్రం వెయ్యలేదు, మొదటి రోజు హాల్లో గోడకి ఆనుకుని ఆ కార్డులన్నీ ఒక్కొక్కటీ చదివా. ఆ పిల్ల ఉద్యోగం నేను పీకేసా, నా పేరు వాళ్ళు పీకేసారు, చెల్లుకి చెల్లు అనుకున్నా.

అందుకే ల్యాగ్ అనే మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది. గమనించి చూడు, ఆడదాని పనే ఎప్పుడూ ల్యాగ్. హీరో బాంబు వైరు కోసేటప్పుడు ఐదు నిమిషాలు ఊపిరి బిగబట్టి చూస్తాం, అదే ఆడది కూర తరిగితే ల్యాగ్ అంటాం. శాంటల్ ఏకర్మాన్ 1975 లో 'జాన్ డీల్మాన్' అని ఒక సినిమా తీసింది, 201 నిమిషాలు, అప్పటికి ఆవిడకి పాతికేళ్ళు, యూనిట్ లో కూడా ఎక్కువమంది ఆడవాళ్ళే. ఒక విధవరాలి మూడు రోజులు, అంతే, వంట, గిన్నెలు, పక్క సర్దడం, మధ్యాహ్నం డబ్బుల కోసం ఒక మగాడు వచ్చి వెళ్ళడం. మొదటి రోజు అన్నీ గడియారం లాగా జరుగుతాయి. రెండో రోజు బంగాళాదుంపలు ఉడికి చితికిపోతాయి. ఆ గిన్నె పట్టుకుని ఎక్కడ పారబొయ్యాలో తెలీక ఆ గదికీ ఈ గదికీ తిరుగుతుంది. నేను మొదటిసారి చూసినప్పుడు అక్కడ భయమేసింది, దెయ్యం సినిమాకి కూడా అంత భయపడలేదు. డైలాగ్ లేదు, మ్యూజిక్ లేదు. గంటసేపు ఆ పని సరిగ్గా జరగడం చూపించింది కాబట్టే తప్పిన క్షణం మనకి తెలిసింది. 2022 లో సైట్ అండ్ సౌండ్ అనే బ్రిటిష్ సినిమా పత్రిక వాళ్ళు అన్ని కాలాల గొప్ప సినిమాలకి విమర్శకుల చేత ఓట్లు వేయిస్తే ఇదే ఫస్ట్ వచ్చింది, ఆ లిస్టులో ఒక స్త్రీ తీసిన సినిమా మొదటి స్థానానికి రావడం అదే మొదలు.

నిన్ను 201 నిమిషాలు తియ్యమని కాదు, నిర్మాత నన్ను కొడతాడు. 2021 లో వచ్చిన మలయాళం సినిమా 'ది గ్రేట్ ఇండియన్ కిచెన్' చూసే ఉంటావు, కారుతున్న సింకు పైపు, ప్లంబర్ ని పిలవమని ఆమె చెప్తూనే ఉంటుంది, ఆయన మర్చిపోతూనే ఉంటాడు. ఆ చిన్న లీకు మీద మొత్తం సంసారం నిలబెట్టాడు డైరెక్టరు. అన్నట్టు ఆయన మగాడే, జియో బేబీ, కాబట్టి "నేను మగాణ్ణి కదా రాయొచ్చా" అనే నీ ప్రశ్నకి జవాబు అక్కడ వెతుక్కో, నన్ను అడక్కు.

ఇప్పుడు 61వ పేజీ. హీరో చెల్లెలి మీద అత్యాచారం, తర్వాత చావు, తర్వాత హీరో కళ్ళు ఎర్రబడటం. ఆ పిల్లకి పేరు లేదు. చూసుకున్నావా? 61 పేజీలూ "చెల్లి" అనే రాసావు, డైలాగ్ పక్కన కూడా చెల్లి, చెల్లి. ఆమెకి జరిగిన దానికి బాధ కూడా హీరోకే రాసిచ్చావు. ముందు పేరు పెట్టు. ఏ క్లాసు చదువుతోందో, అన్నయ్యతో ఏ విషయంలో గొడవపడుతుందో, ఫోన్ లో ఎవరి నంబరు ఏ పేరుతో దాచుకుందో రాయి. అది రాసాక కూడా చంపాలనిపిస్తే అప్పుడు మాట్లాడుకుందాం, నాకైతే నువ్వు చంపలేవనే నమ్మకం.

కెమెరా వెనకాల సంగతి కూడా నీకు సంబంధం లేదనుకోకు. 28వ సీను, కొండ మీద, ఎండలో, "40 మంది ఆడ కూలీలు" అని ఒక్క లైను కొట్టావు. ఆ లైనుకి 40 మంది జూనియర్ ఆర్టిస్టులు పొద్దున్నే వచ్చి చీకటి పడేదాకా ఉండాలి, అక్కడ బాత్రూమ్ ఎక్కడ? మలయాళం ఇండస్ట్రీలో ఆడవాళ్ళ పరిస్థితి చూడమని జస్టిస్ హేమ కమిటీని 2017 లో వేసారు, 2019 డిసెంబర్ లో రిపోర్ట్ ఇచ్చింది, అది కొన్ని భాగాలు కత్తిరించుకుని జనం చేతికి వచ్చేసరికి 2024 ఆగస్టు. అందరూ అందులో పెద్ద పేర్ల కోసం వెతికారు, నన్ను పట్టుకున్నది మాత్రం షూటింగుల్లో టాయిలెట్లు లేక ఆడవాళ్ళు నీళ్ళు తాగడమే మానేస్తున్నారన్న మాట. ఈసారి లొకేషన్ రాసేటప్పుడు అది గుర్తు పెట్టుకో.

ఇంకోటి చెప్తా, నవ్వొస్తుంది. ఆడవాళ్ళకి మేకప్ మీద పిచ్చి అని జోకులేసే ఈ ఇండస్ట్రీలోనే, బొంబాయి యూనియన్ లో ఆడవాళ్ళకి మేకప్ ఆర్టిస్ట్ కార్డు ఇచ్చేవాళ్ళు కాదు, హెయిర్ డ్రెస్సర్ గా మాత్రమే ఉండాలి. దశాబ్దాల పాటు అదే రూలు, 2014 లో సుప్రీం కోర్టు చెప్తే గానీ పోలేదు.

దర్శకుల లిస్టు నీకు తెలుసు కాబట్టి తొందరగా చెప్పేస్తా. ఆలిస్ గీ 1896 లోనే ఫ్రాన్స్ లో సినిమా తీసింది, గోమాంట్ కంపెనీలో సెక్రటరీగా పనిచేస్తూ, తర్వాత చరిత్రలు రాసినవాళ్ళు ఆవిడ సినిమాలు వేరేవాళ్ళ ఖాతాలో వేసేసారు. మనకి భానుమతి గారు 1953 లో 'చండీరాణి' ని తెలుగు, తమిళం, హిందీ మూడింట్లో తీసారు. సావిత్రి గారు 1968 లో 'చిన్నారి పాపలు', దానికి సంగీతం పి. లీల గారు. విజయనిర్మల గారు నలభైకి పైగా సినిమాలు తీసి 2002 లో గిన్నిస్ ఎక్కారు. ఇవి చెప్పి చప్పట్లు కొడతారు అందరూ, నాకు మాత్రం చప్పట్ల తర్వాత ఒకటే అనుమానం, ఈ ముగ్గురూ ముందు పెద్ద నటీమణులు, ఆ పేరు ఉంది కాబట్టి కుర్చీ తెచ్చుకోగలిగారు. మగపిల్లాడు ఏ పేరూ లేకుండా ఆఫీసు బయట మెట్ల మీద పడుకుని, క్లాప్ కొట్టి, తిట్లు తిని డైరెక్టర్ అవుతాడు. ఆ మెట్ల మీద ఆడపిల్ల పడుకోగలదా? అసిస్టెంట్ గా చేసి నందినీ రెడ్డి గారు 2011 లో 'అలా మొదలైంది' తో వచ్చారంటే నాకు సంతోషమేసింది ఆ దారి గురించే, హిట్ గురించి కాదు. నీకు ఎప్పుడైనా అసిస్టెంట్లని పెట్టుకునే రోజు వస్తే, ఆ అమ్మాయి రాత్రి ప్యాకప్ తర్వాత ఇంటికి ఎలా వెళ్తుందో కూడా ఆ రోజు షెడ్యూల్ లోనే రాయి.

ఇక పని. ఎవరైనా సర్వేయర్ ని పట్టుకుని, ఆడమనిషి అయితే మరీ మంచిది, ఒక్కరోజు వెనకాల తిరుగు. ఫోన్ లో వీడియో తీయకు, ఆమె చేతులు చూడు, రైతులు ఆమెని ఏమని పిలుస్తారో విను, కొలత నచ్చనివాడు మొహం ఎలా పెడతాడో చూడు. తర్వాత నాలుగో పేజీ ఒక్కటే మళ్ళీ రాసి పంపు, మిగతావి ముట్టుకోకు. 61వ పేజీలో పిల్ల పేరు మాత్రం ముందే మెసేజ్ చెయ్యి, పేరు తెలీకపోతే నాకు నిద్ర పట్టేలా లేదు. ఆ పాత గొలుసుకి 100 లింకులు, మొత్తం 66 అడుగులు అని నేను పుస్తకంలో చదివా, పట్టుకుంటే ఎంత బరువుంటుందో నువ్వు చూసొచ్చి చెప్పు.

ఉంటా,
అక్క