క్రీము ఆపితే ముఖం మండుతోంది, మళ్ళీ రాయాలా?

సంబంధాలు రంగు దగ్గరే ఆగిపోతున్నాయని మందుల షాపులో అడిగి తెచ్చుకున్న క్రీము ఆపగానే ముఖం ఎర్రబడి మండుతోందని, మళ్ళీ రాయాలా వద్దా అని మీరు అడిగారు. నేనూ ఆ బాధ పడినదాన్నే.

మాది పర్లాకిమిడి. ఒడియా, తెలుగు కలిసి వినిపించే ఊరు కాబట్టి, నలుపన్న వెక్కిరింపు బడిలో రెండు భాషల్లోనూ దొరికేది. పాతపట్నం సంబంధం ఒకటి తప్పిపోయాక నేనూ అలాంటి ట్యూబే కొన్నాను. రెండు వారాల్లో ముఖం తేటపడింది, ఇంట్లోవాళ్ళ మాటతీరు మారింది. ఆ సంతోషం అబద్ధమని ఇప్పటికీ అనను. తరువాతి పెళ్ళిచూపుల్లో పెళ్ళికొడుకు మేనత్త గాజులు చూస్తున్నట్టు నా చేయి పట్టుకుని, మోచేతిని వెలుతురుకేసి తిప్పి, ఒకసారి దాన్నీ ఒకసారి నా ముఖాన్నీ చూసింది. ఏమీ అనలేదు.

ఆరు నెలలకు బుగ్గలపై సన్నని ఎర్రనరాలు తేలాయి, గడ్డం మీద నూగు పెరిగింది, ఎండలోకి వెళితే కారం పూసినట్టుండేది. బరంపురంలో చర్మవైద్యురాలు ట్యూబు మీది చిన్న అక్షరాలను నాచేతనే చదివించారు: మొమెటసోన్, హైడ్రోక్వినోన్, ట్రెటినోయిన్. వీటిలో మొదటిది స్టెరాయిడ్, అంటే వాపునూ ఎరుపునూ అణచే మందు. బీటామెథసోన్, క్లోబెటసాల్ కూడా ఆ జాతివే. మంగుమచ్చలకు వైద్యుల కనుసన్నల్లో కొద్దివారాలు వాడవలసిన మందును నేను పౌడరులా పూసుకున్నాను. పైపూత స్టెరాయిడ్లు 14 రకాలను డాక్టరు చీటీ లేకుండా అమ్మరాదని 2018లో కేంద్రం నిబంధన తెచ్చింది. అయినా మనిద్దరికీ అడగ్గానే దొరికింది! హైడ్రోక్వినోన్ చర్మానికి రంగునిచ్చే మెలనిన్ తయారీని అణచి ఉంచుతుందే తప్ప చర్మం స్వభావాన్ని మార్చదు కనుక, ఆపితే పాత రంగు తిరిగి వస్తుంది.

స్టెరాయిడ్‌కు అలవాటుపడిన చర్మానికి అది అందకపోవడం వల్ల వచ్చే మంట ఇలాగే ఉంటుంది. మళ్ళీ రాస్తే చల్లబడుతుంది, అందుకే చాలామంది వదలలేకపోతారు. కాబట్టి సొంతంగా రాయకండి. ట్యూబు చేతపట్టుకుని చర్మవైద్యులను కలవండి, ఒకేసారి మానాలో మెల్లగా తగ్గించాలో వారే చెబుతారు. ఈలోగా నిమ్మరసం, శనగపిండి జోలికి పోకండి. నాకు నెమ్మదించడానికి ఏడు నెలలు పట్టింది.

ఆ తరువాత పెళ్ళిళ్ళ పేరయ్యకు, చామనఛాయ అని సర్దిచెప్పవద్దని, పిల్ల నలుపనే చెప్పమని నేనే అన్నాను. అమ్మ రెండు రోజులు మాట్లాడలేదు. సంబంధాలు తగ్గిన మాట నిజమే; వచ్చినవాళ్ళెవరూ నా మోచేయి తిప్పి చూడలేదు.