సారె పంచని అత్తగారు, ముద్ద ముట్టని నాన్నగారు

ప్రశ్న: మాది అమలాపురం దగ్గర పల్లెటూరు. మా ఆయనది హైదరాబాద్, ఉప్పుగూడ. గచ్చిబౌలిలో ఒకే ఆఫీసులో పనిచేస్తూ ఇష్టపడ్డాం, పెద్దల్ని ఒప్పించి పెళ్లి చేసుకున్నాం. ఏడాదిన్నర అయింది. పోయినేడు ఆషాఢం వెళ్లాక నన్ను అత్తింట్లో దింపడానికి వస్తూ మా అమ్మ కాజాలు, పూతరేకులు, సున్నుండలు, చీరలతో సారె తెచ్చింది. అత్తగారు అందరి ముందూ "గిన్ని ఎందుకు తెచ్చినవ్ వదినె, పైసలు దండగ, ఎవరు తింటరు?" అని డబ్బాలన్నీ లోపల పెట్టించేశారు. వీధిలో పంచనేలేదు. అమ్మ దారంతా ఏడుస్తూ వెళ్లింది. అయినా అత్తగారు "మీవాళ్లు ఒడిబియ్యం ఎప్పుడు పోస్తరు?" అని అడుగుతూనే ఉంటారు. ఎంత పెట్టినా ఆశ తీరదేమో! ఈ ఏడు బోనాలకు మా అమ్మానాన్నల్ని పిలిచారు. మావగారు మందు గ్లాసు నాన్న ముందు పెట్టి తాగాల్సిందేనని పట్టుబట్టారు. నాన్న ముద్ద ముట్టకుండా లేచి వచ్చేశారు. ఇప్పుడేమో "మా ఇంట్ల అందరి జీతాలు నా చేతికే వస్తయి, అది మా పద్ధతి" అంటూ నా జీతం కూడా ఇమ్మంటున్నారు మావగారు. కోపంలో మా ఆయనతో "మీ ఇంట్లో కల్చర్ అనేదే లేదు" అనేశాను. రెండు వారాలుగా నాతో సరిగా మాట్లాడటం లేదు. నేనే మారిపోవాలా? వేరు కాపురం పెట్టేద్దామా?

జవాబు: మీరు విసుగుతో ఒక్క ముక్కలో రాసేసిన ఒడిబియ్యం ముచ్చట దగ్గర మొదలుపెడతాను. మీ ఉత్తరంలో చిక్కుముడి అక్కడే ఉందని నాకనిపిస్తోంది.

తెలంగాణ ఇళ్లలో పెళ్లైన ఆడపిల్లకు పుట్టింటివాళ్లు ఒడిబియ్యం పోస్తారు. పిల్లను పీట మీద కూర్చోబెట్టి, పసుపు కలిపిన బియ్యం దోసిళ్లతో ఆమె ఒడిలో పోస్తారు. అందులో కుడుకలు (ఎండు కొబ్బరి చిప్పలు), ఖర్జూరాలు, వక్కలు, రవికె బట్ట పెడతారు. ముత్తయిదువలు ఒకరి తర్వాత ఒకరు వచ్చి పోస్తారు. తర్వాత అత్తింట్లో ఆ బియ్యం వండి దగ్గరివాళ్లను భోజనానికి పిలుస్తారు. ఏ ఏడు పోయాలి, ఎన్ని దోసిళ్లు అన్నది ఇంటికో రకంగా ఉంటుంది. ఇందులో లెక్క ఖర్చుది కాదు. ఆ బియ్యం పడితేనే "ఈ పిల్లకు పుట్టిల్లు ఉంది, వెనక మనుషులున్నారు" అని అత్తింటి చుట్టాలు అనుకుంటారు. మీ వైపు ఇది ఈ రూపంలో లేదు కాబట్టి మీకు తెలియలేదు. మీ అత్తగారికి సారె విలువ ఎలా తెలియలేదో, ఇదీ అంతే. ఆమె అడుగుతున్నది ఇంకో సారె అని మీరనుకున్నారు. బహుశా "నా కోడలికి పుట్టింటి గౌరవం ఎప్పుడు జరుగుతుంది" అని అడుగుతోందేమో, ఒకసారి ఆలోచించండి.

ఇక సారె. కోనసీమలో సారె డబ్బా తెరిచాక వీధి వీధంతా పంచాలి. ఎదురింటికి ఎన్ని, పక్కింటికి ఎన్ని అని లెక్క ఉంటుంది. అలా పంచితేనే పిల్లనిచ్చినవాళ్ల చేతి గొప్ప నలుగురికీ తెలుస్తుంది. పంచకుండా లోపల పెట్టడమంటే ఆ గొప్పను తలుపు వెనక దాచేసినట్టే. మీ అమ్మగారికి అంత ఏడుపు ఎందుకు వచ్చిందో నాకు అర్థమవుతుంది. అయితే మీ అత్తగారి పక్కన నిలబడి ఆ మాట వినండి. "ఎందుకు తెచ్చినవ్, పైసలు దండగ" అనడం ఆ ఇళ్లలో వియ్యపురాలి మీద భారం వేయకూడదనే మర్యాద. మీ ఖర్చు నాకు అక్కర్లేదు, మీ పిల్ల చాలు అని చెప్పే తీరు. ఆమె మనసులో కచ్చితంగా ఏముందో నేను చెప్పలేను, ఆమెను నేను చూడలేదు. కానీ "వదినె" అని నోరారా పిలిచి మరీ అన్న మాటను అవమానమని తేల్చేసే ముందు ఈ అర్థం కూడా పక్కన పెట్టుకోవాలి.

బోనాల రోజు ఇదే కథ తిరగబడింది. పాతబస్తీలోని లాల్ దర్వాజా సింహవాహిని అమ్మవారి బోనాల జాతర మీ అత్తింటి చుట్టుపక్కలవాళ్లకు ఏడాదికొక్కసారి వచ్చే పెద్ద పండుగ. ఆషాఢంలో అమ్మవారు పుట్టింటికి వస్తుందని అక్కడివాళ్ల నమ్మకం. అందుకే పెళ్లైన ఆడపిల్లల్ని, వియ్యాలవారిని పిలిచి యాటకూర (వేట మాంసం) వండి పెడతారు. కల్లు గానీ మందు గానీ పోయకపోతే బావకు మర్యాద తక్కువ చేశామని మీ మామగారి వయసువాళ్లు చాలామంది బాధపడతారు. ఆయన గ్లాసు పెట్టింది మీ నాన్నగారిని కించపరచడానికి కాదు, ఆయన ఎరిగిన అతి పెద్ద మర్యాద అదే. మీ నాన్నగారికి మాత్రం వియ్యంకుడి ముందు తాగడమంటే తల దించుకోవడం. ఆయన పెరిగిన లెక్క అది, అదీ న్యాయమే. ఆయన మందు వద్దన్నంతవరకు ఇబ్బందేమీ లేదు, బలవంతం చేయడం మీ మామగారి తప్పే. కానీ అన్నం కూడా ముట్టకుండా లేచి వచ్చేయడం ఆ ఇంటివాళ్లకు ఎలా తగిలిందో తెలుసా? మీ అమ్మగారికి సారె తగిలినట్టే తగిలింది.

కానుక అనేది వస్తువు మాత్రమే కాదని, ఇవ్వడం, పుచ్చుకోవడం, తిరిగి ఇవ్వడం అనే మూడు బాధ్యతలు దానితో కలిసి ఉంటాయని ఫ్రెంచ్ సామాజిక శాస్త్రవేత్త మార్సెల్ మాస్ దాదాపు నూరేళ్ల కిందటే రాశాడు. పుచ్చుకోవడానికి నిరాకరిస్తే బంధాన్ని నిరాకరించినట్టే లెక్క. మీ రెండు కుటుంబాలూ చెరొక కానుక ఇచ్చాయి. రెండోవాళ్లు దాన్ని కానుకగా గుర్తుపట్టలేదు.

ఎందుకు గుర్తుపట్టలేదంటే, సంస్కృతి మనలో చేరే తీరే అలాంటిది. కెనడాలో జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అనే పరిశోధకులు 1984లో ప్రచురించిన ఒక ప్రయోగం గురించి చెప్తాను. హిందీలోని త, ట శబ్దాల తేడా ఇంగ్లిష్ మాట్లాడే ఇళ్లలోని ఆరు నుంచి ఎనిమిది నెలల పసివాళ్లకు తెలుస్తోంది. ఏడాది వచ్చేసరికి వాళ్లలో చాలామందికి తెలియడం లేదు. చుట్టూ ఎవరూ ఆ తేడా పాటించకపోతే చెవి దాన్ని వదిలేస్తుంది. మాటలు రాకముందే ఇంత జరిగిపోతే, ఇక ఏది మర్యాద, ఏది సిగ్గు, ఏది అవమానం అనేవి ఎంత లోతుగా దిగి ఉంటాయో చూడండి. అందుకే ఆలోచన కంటే ముందు ఒంట్లో మంట పుడుతుంది. మీ నాన్నగారు లెక్కలు వేసుకుని లేవలేదు, ఆ గ్లాసు చూడగానే లేచారు.

సంస్కృతి అంటే ఏమిటో శాస్త్రవేత్తలకే తెగలేదు. 1952లో క్రోబర్, క్లకాన్ అనే ఇద్దరు అమెరికన్ మానవ శాస్త్రవేత్తలు 164 నిర్వచనాలు పోగుచేశారు. నాకు పనికొచ్చేది 1871 నాటి ఎడ్వర్డ్ టైలర్ నిర్వచనం. మనిషి సమాజంలో ఒకడిగా నేర్చుకున్న జ్ఞానం, నమ్మకం, నీతి, ఆచారం, అలవాటు అన్నీ కలిపి సంస్కృతి అన్నాడాయన. ఆ లెక్కన కల్చర్ లేని ఇల్లు భూమ్మీద లేదు.

ఇప్పుడు మీ ఆయన మౌనం సంగతి. ఈ విషయంలో నేను మీ పక్షాన ఉండలేను. "మీకు కల్చర్ లేదు" అన్న మాట ఏ భార్య ఏ భర్తతో అన్నా తప్పే. కానీ కోనసీమ అమ్మాయి ఉప్పుగూడ అబ్బాయితో అంటే దాని బరువు వేరు. 1956 నవంబర్ 1న రెండు ప్రాంతాలూ కలిశాయి, 2014 జూన్ 2న వేరయ్యాయి. మధ్యలో ఏళ్ల తరబడి తెలంగాణ మాట సినిమాల్లో రౌడీకో, నవ్వించే పాత్రకో దక్కింది. బడిలో, ఆఫీసులో "నీ భాష మార్చుకో" అనిపించుకున్నవాళ్లు ఆ ఇంట్లోనూ ఉండే ఉంటారు. మీరు అన్నది ఒక గ్లాసు గురించి. అతనికి వినపడింది అమ్మానాన్నల మీద, తాతల మీద ఎప్పటినుంచో పడుతున్న ఆ పాత మాటే. కాబట్టి ముందు దానికి క్షమాపణ చెప్పండి. "కోపంలో అన్నాను" అని తేల్చేయకుండా, ఆ మాట ఎందుకు తప్పో మీకు తెలిసిందని చెప్పండి. తర్వాత మీ అమ్మగారి ఏడుపు గురించి కూడా చెప్పండి. చాలామంది మొగుళ్లకు సారె అంటే స్వీట్ల డబ్బాలే. పంచకపోవడం వల్ల ఏం పోయిందో అతనికి ఎవరూ చెప్పి ఉండరు.

అత్తగారి దగ్గరకు మాత్రం ఫిర్యాదుతో వెళ్లకండి. ఏదో ఒక మధ్యాహ్నం ఆమె తీరిగ్గా ఉన్నప్పుడు "మీ పెళ్లప్పుడు మీ అమ్మ ఒడిబియ్యం ఎలా పోసింది? మా అమ్మకు తెలియదు, మీరే చెప్పాలి" అని అడగండి. మంచి రోజు చూసి మీ అమ్మగారి చేత పోయించండి. అదే రోజు కాజాలు కూడా తెప్పించి, అత్తగారిని వెంటబెట్టుకుని వీధిలో మీరే పంచండి. ఇక మామగారికి మీ ఆయన ముందే చెప్పాలి, "మా మామ తాగడు, నిన్ను కాదన్నట్టు కాదు" అని. మీ నాన్నగారిని మీరు ఒప్పించాలి. గ్లాసు వద్దంటే వద్దు, వియ్యంకుడి చేతి ముద్ద మాత్రం తిని రావాలి.

జీతం సంగతి మాత్రం వీటన్నిటితో ఒకే గాటన కట్టకండి. సంపాదన ఇంటి పెద్ద చేతికివ్వడం ఉమ్మడి కుటుంబాల్లో పాత అలవాటే, మీ వైపూ ఉంది, వీళ్ల వైపూ ఉంది. మీ ఆయన కూడా ఇస్తున్నాడు కాబట్టి మామగారికి ఇందులో వింతేమీ కనిపించి ఉండదు. కానీ ఒక పద్ధతికి కాదనే వీలుందా లేదా అన్నదే నేను చూస్తాను. సారెకు, ఒడిబియ్యానికి, గ్లాసుకు కాదంటే మనసు నొచ్చుకుంటుంది, అంతే. జీతానికి కాదంటే ఏమవుతుంది? ముఖం ముడుచుకుంటే సర్దుకుంటుంది. బెదిరింపులు, ఏటీఎం కార్డు లాక్కోవడం, పుట్టింటికి పంపకపోవడం దాకా వస్తే దానికి సంస్కృతి అనే పేరు ఎవరు పెట్టినా ఒప్పుకోవద్దు. 2005 గృహ హింస చట్టం ఆర్థిక వేధింపును కూడా హింసగానే లెక్కిస్తుంది. మహిళల హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేస్తే సాయం దొరుకుతుంది. మీ ఉత్తరాన్ని బట్టి పరిస్థితి అంతదాకా పోలేదు. ఆయన అడిగారు, మీరు ఇంకా జవాబు చెప్పలేదు. కాబట్టి మీ ఆయనతో మాట్లాడుకుని, ఇంటి ఖర్చుకు ఇంత అని ప్రతినెలా మీరే మామగారికి ఇవ్వండి, మిగతాది మీ ఖాతాలోనే ఉంచుకోండి. ఈ మాట అతను పక్కనుండగా మీ నోటితో మీరే చెప్పండి.

వేరు కాపురం సంగతి అడిగారు. ఉప్పుగూడ నుంచి గచ్చిబౌలికి రోజూ తిరగడం ఒళ్లు హూనమయ్యే పని. ఆ కారణంతో ఇల్లు మారితే తప్పేం లేదు, అత్తింట్లోనూ ఆ కారణమే చెప్పండి. ఈ కోపంతో మాత్రం ఇల్లు చూడటం మొదలుపెట్టకండి. ముందు మీ ఆయన మళ్లీ మామూలుగా మాట్లాడాలి, ఒడిబియ్యం పడాలి. వచ్చే బోనాలకు మీ అమ్మానాన్నలు ఆ ఇంటికే రావాల్సి ఉంటుంది కదా!