హాలు తర్వాత కట్టుకోవచ్చు

ప్రశ్న: పోస్టుమాస్టరు గారికి నమస్కారం. మా వీధిలో సగం ఇళ్లలో పెద్దవాళ్లే ఉంటున్నారు. పిల్లలు హైదరాబాద్‌లోనో, డాలస్‌లోనో ఉన్నారు. మా అత్తగారు పార్కుకు వెళ్లడం మానేసి ఏడాది దాటింది. పక్కింటి మామ్మగారు బాత్‌రూమ్‌లో పడిపోతే, పొద్దున్న పాలబ్బాయి వచ్చేదాకా ఎవరికీ తెలియలేదు. అప్పట్నుంచీ ఒకటే టెన్షన్. మేం నలుగురం ఆడవాళ్లం కలిసి వృద్ధుల సేవాసంఘం రిజిస్టరు చేయించి, కమ్యూనిటీ హాలు కోసం ఎమ్మెల్యే గారిని అడుగుదామనుకుంటున్నాం. ఏమంటారు?
– ఒక పాఠకురాలు, తణుకు

జవాబు: అమ్మా, నలుగురితో సొసైటీ రిజిస్ట్రేషను కాదు, కనీసం ఏడుగురు ఉండాలి. మిగతా ముగ్గురి కోసం ఇప్పుడే తిరగకండి. హాలు సంగతి కూడా కొన్నాళ్లు పక్కన పెట్టండి. మా ఊళ్లో వృద్ధుల కోసమని ఒక హాలు కట్టారు, అదీ మేడమీద! మెట్లకు పట్టుకోవడానికి కమ్మీ కూడా లేదు. ఇప్పుడందులో చీరల సేల్ పెడుతున్నారు.

మీ ఉత్తరంలో నాకు నచ్చిన మనిషి ఆ పాలబ్బాయి. అతను సంఘం సభ్యుడు కాదు, రోజూ ఎలాగూ వచ్చేవాడు. మీ వీధికి అలా ఎలాగూ వచ్చేవాళ్లు ఎంతమంది ఉన్నారో చూసుకోండి. ఒక్కొక్కరినీ ఒక్క చిన్న పని మాత్రం అడగండి. నిన్నటి ప్యాకెట్ గుమ్మంలోనే ఉంటే మీలో ఒకరికి ఫోన్ చెయ్యమంటే పాలబ్బాయి కాదనడు.

అంతకంటే ముందు పెద్దవాళ్లనే అడగాలి. 2007లో ప్రపంచ ఆరోగ్య సంస్థ వృద్ధులకు అనువైన నగరాల మీద మార్గదర్శిని తయారుచేసినప్పుడు ఢిల్లీ, ఉదయపూర్‌తో కలిపి 33 నగరాల్లో పెద్దవాళ్లను కూర్చోబెట్టి అడిగి మరీ రాశారు. మీరు మీ అత్తగారితో పార్కుదాకా ఆవిడ నడకతోనే నడవండి. ఎక్కడ ఆగారో, ఎక్కడ మీ చెయ్యి పట్టుకున్నారో రాసుకోండి. కాలువ మీద విరిగిన పలకో, దారిలో కూర్చోవడానికి చోటు లేకపోవడమో బయటపడుతుంది. ఫొటో తీసి వార్డు సచివాలయంలో రోడ్లు, కాలువల పనులు చూసే అమెనిటీస్ సెక్రటరీకి అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. కదలిక లేకపోతే సోమవారం కలెక్టరేట్‌లో ప్రజల అర్జీలు తీసుకునే పీజీఆర్ఎస్‌కు వెళ్లండి. రసీదు లేని అర్జీని పోస్టు చెయ్యని ఉత్తరమనే అనుకోండి.

మందుల షాపాయన్ని అడగాల్సింది డిస్కౌంటు కాదు. ఒక కుర్చీ వెయ్యమనండి, ఏ మాత్ర ఎప్పుడు వేసుకోవాలో కవరు మీద తెలుగులో పెద్దక్షరాలతో రాయమనండి. ఆటోస్టాండులో ఆసుపత్రికి ఇంత, బ్యాంకుకు ఇంత అని ముందే మాట్లాడుకుంటే మామ్మగార్లకు బేరం బాధ తప్పుతుంది.

దగ్గర్లో కాలేజీ ఉంటే ఎన్ఎస్ఎస్ ప్రోగ్రామ్ ఆఫీసర్ని కలవండి. ఆ పిల్లలు ఏడాదికి 120 గంటలు సేవ చెయ్యాలి. మొక్కలు నాటడం, రోడ్లు ఊడవడం అయ్యాక ఆయనా పని వెతుక్కుంటూనే ఉంటారు. వీడియో కాల్ చెయ్యడం, ఓటీపీ ఎవరికీ చెప్పకూడదనడం మనవల వయసువాళ్లు నేర్పితే పెద్దవాళ్లు సంతోషంగా వింటారు. కన్నకొడుకు చెబితే మాత్రం విసుక్కుంటారు, నాతో సహా.

మా శాఖ గురించి చెప్పకపోతే నాకు నిద్రపట్టదు. కేంద్ర ప్రభుత్వ పెన్షనర్లు ఏటా నవంబరులో లైఫ్ సర్టిఫికెట్ ఇవ్వాలి. 80 దాటినవాళ్లు అక్టోబరు 1 నుంచే ఇవ్వచ్చు. 70 రూపాయలు తీసుకుని పోస్ట్‌మ్యానే ఇంటికొచ్చి ఆ పని చేసిపెడతాడు. ఈ సంగతి తెలియక బ్యాంకు మెట్ల దగ్గర ఆయాసపడే వాళ్లను ఇప్పటికీ చూస్తున్నాను. వీధిలో పెన్షనర్లందరికీ ఒకే రోజు రమ్మని పోస్టాఫీసులో మాట్లాడండి.

పోలీసుస్టేషన్‌కు వెళ్లడానికి మొహమాటపడకండి. 2007 నాటి తల్లిదండ్రులు, వయోవృద్ధుల చట్టం కింద కేంద్రం ఇచ్చిన నమూనా నిబంధనల్లోనే ఉంది: ఒంటరిగా ఉండే పెద్దవాళ్ల జాబితా స్టేషన్‌లో ఉండాలి, వీలైతే ఒక వలంటీరును తోడు తీసుకుని పోలీసులు నెలకు ఒకసారైనా వాళ్లను చూసి రావాలి. ఆ వలంటీర్లం మేమవుతామని ఎస్సైగారితో చెప్పండి. పిలవకుండానే సాయానికొచ్చిన మనిషిని కాదనలేరు కదా. ఆస్తి గొడవలు, పిల్లలు చూడకపోవడం లాంటివి మీ నెత్తిన వేసుకోకుండా 14567కు ఫోన్ చేయించండి. అది పెద్దవాళ్ల కోసం ఉన్న ఉచిత హెల్ప్‌లైన్.

చందాలు మాత్రం ఇప్పుడే వసూలు చెయ్యకండి. డబ్బు రాగానే లెక్కలొస్తాయి, లెక్కల వెనకే అధ్యక్ష పదవి వస్తుంది. ఆపైన అక్టోబరు 1 వృద్ధుల దినోత్సవానికి శాలువాలు, ఫ్లెక్సీలు, ఫొటోలు. పెద్దవాళ్లేమో ఎండలో కుర్చీల్లో.

ఇంకో జాగ్రత్త. ఎవరు ఒంటరిగా ఉంటున్నారో, ఎవరి పిల్లలు ఎక్కడున్నారో వాట్సాప్ గ్రూపులో పెట్టకండి. ఆ పేర్లు ఒక నోటుబుక్కులో రాసి, మీలో ఇద్దరి దగ్గరే ఉంచండి. అవసరానికి ఇంటి రెండో తాళంచెవి ఎవరి దగ్గర ఉండాలన్నది మామ్మగారినే తేల్చుకోనివ్వండి, ఆవిడ మీ పేరు చెప్పకపోయినా సరే.