సినిమాటోగ్రాఫర్ అవ్వాలంటే ముందు ఏ కెమెరా కొనాలి?

చేతిలో రెండు లక్షలున్నాయి, ఏ బాడీ (లెన్స్ లేని కెమెరా) కొనమంటారు అని అడిగారు. పదకొండేళ్లుగా పెళ్లిళ్లు షూట్ చేస్తున్నాను, మోడల్ పేరు చెప్పడం కష్టం కాదు. కానీ దానికంటే ముందు స్వావోమిర్ ఇజాక్ అనే పోలండ్ కెమెరామన్ పని చూడండి.

ఆయన పని నేను మొదట చూసింది భీమవరంలో, ఒక పెళ్లివారి విడిదింట్లో. ముహూర్తం తెల్లవారుజామున మూడున్నరకి. నిద్ర పట్టక ల్యాప్‌టాప్‌లో పోలండ్ దర్శకుడు కీష్లోవ్‌స్కీ తీసిన, ఇజాక్ కెమెరా పట్టిన 'ఎ షార్ట్ ఫిల్మ్ అబౌట్ కిల్లింగ్' (1988) పెట్టాను. స్క్రీన్ పాడైందనుకున్నాను. వార్సా నగరమంతా నాచు పట్టిన నీళ్ల రంగులో ఉంది. ఫ్రేములో సగం చీకటి, కథలోని కుర్రాడి ముఖం తప్ప చుట్టూ ఏమీ సరిగా కనిపించదు. బ్రైట్‌నెస్ పెంచి చూశాను, లాభం లేదు. కాసేపటికి తెలిసింది, కావాలనే అలా తీశారని. ఆ ఊళ్లో ఒకడి బాధ ఇంకొకడికి కనిపించదు, మనకీ కనిపించనివ్వలేదు. కుర్రాడు టాక్సీ డ్రైవర్‌ని చంపడం, ప్రభుత్వం ఆ కుర్రాణ్ణి ఉరితీయడం రెండూ చూసి మండపానికి వెళ్లాను. ఆ రాత్రంతా ఏ ముఖం మీద వెలుగు పడుతోందో, ఏది నీడలో ఉందో అదే చూస్తూ ఉండిపోయాను.

ఆకుపచ్చగా, తన ఫిల్టర్లతో (లెన్స్ ముందు పెట్టే రంగు అద్దాలు) తీయనిస్తేనే చేస్తానని ఇజాక్ షరతు పెట్టారట. ఈ మాట చెప్పింది కీష్లోవ్‌స్కీయే. ఆ ఫిల్టర్లు ఆయన ప్రత్యేకంగా తయారు చేయించుకున్నవి. ఆ సినిమాకి కాన్ ఫిల్మ్ ఫెస్టివల్లో జ్యూరీ ప్రైజ్ వచ్చింది.

మన దగ్గర అలా షరతు పెట్టనిచ్చేదెవరు? మొన్న మాఘమాసంలో ఒక పెళ్లికూతురి తండ్రి "మా అమ్మాయిని ఇంకాస్త తెల్లగా చెయ్యండి" అని ఆల్బమ్ మూడుసార్లు తిప్పి పంపారు. చామనఛాయ, పట్టుచీర, సాయంత్రపు ఎండ. ఎంత బాగుందో ఆ పిల్ల! చివరికి సున్నం కొట్టినట్టు చేసి ఇవ్వాల్సి వచ్చింది. నాకు ఇప్పటికీ బాధే. స్టూడియోలూ అంతే, ఎవరి పెళ్లికైనా ఒకటే ప్రీసెట్, అంటే ముందే చేసిపెట్టుకున్న రంగుల సెట్టింగ్. పసుపు ఫంక్షన్‌లో పసుపు కూడా నారింజ రంగులోకి పోతోంది.

ఇజాక్ పోలండ్‌లోని వూచ్ ఫిల్మ్ స్కూల్లో చదివారు. కీష్లోవ్‌స్కీ సినిమాల్లోనే 'వెరోనిక్'కి బంగారు పసుపు, 'బ్లూ'కి నీలం. ఆ నీలానికి 1993లో వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్లో కెమెరా అవార్డు వచ్చింది. హాలీవుడ్ వెళ్లాక 'గట్టాకా', ఆస్కార్ నామినేషన్ తెచ్చిన 'బ్లాక్ హాక్ డౌన్', చివరికి అయిదో హ్యారీ పోటర్ కూడా చేశారు. ఎక్కడికి వెళ్లినా రంగు మీద పట్టు వదల్లేదు. హాలీవుడ్ ఆయన్ని పిలిచింది కూడా అందుకేనని నా గట్టి నమ్మకం.

కాబట్టి వాడిన బాడీ ఒకటి తీసుకోండి. మిగిలిన డబ్బుతో మంచి ప్రైమ్ లెన్స్ (జూమ్ లేనిది), రెండు మూడు ఫిల్టర్లు కొనండి. నెల రోజులు మీ ఇంటి వసారానే తీయండి, పొద్దున ఆరింటికోసారి, సాయంత్రం ఆరింటికోసారి. ఆ తర్వాత కూడా మోడల్ పేర్లు కావాలంటే అడగండి, చెప్తాను.