అమెరికా పల్లె బాణీ ‘కంట్రీ’ సంగీతంలో పేరున్న డాలీ పార్టన్‌ను గాయని అనాలా, రచయిత్రి అనాలా, నటి అనాలా?
పేరు తెచ్చింది గొంతే అయినా, ఆమెను నిలబెట్టింది కలమే అంటాను. టెనెసీలో పుట్టిన డాలీ 1964లో హైస్కూలు చదువు అవ్వగానే కంట్రీ సంగీతానికి కేంద్రమైన నాష్‌విల్ చేరారు. కంట్రీ గాయకుడు పోర్టర్ వాగనర్ టీవీ షోలో కొన్నేళ్లు పాడి, విడిపోయేటప్పుడు ఆయనకు వీడ్కోలుగా ‘ఐ విల్ ఆల్వేస్ లవ్ యూ’ రాశారు. ఎల్విస్ ప్రెస్లీ అది పాడతానన్నారు. తీరా ఆయన మేనేజర్ పాట హక్కుల్లో సగం అడిగేసరికి డాలీ ఒప్పుకోలేదు. అంత పెద్ద స్టార్‌ని కాదనడం మాటలా! 1992లో విట్నీ హ్యూస్టన్ అదే పాట ‘ది బాడీగార్డ్’ సినిమాలో పాడాక, హక్కులు వదులుకోని ఆ పట్టుదల విలువేంటో అందరికీ తెలిసింది.

సినిమాల్లోకి కాస్త ఆలస్యంగా, 1980లో ‘నైన్ టు ఫైవ్’తో వచ్చారు. అక్కడా రచయిత్రి ఊరుకోలేదు: సెట్‌లో పొడవాటి గోళ్లు ఒకదానికొకటి రాపిడి చేస్తూ టైప్‌రైటర్ టకటకల్లాంటి లయ పట్టి, టైటిల్ పాట కట్టేశారు. దానికి ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది.