టెక్సస్‌లో రియల్ ఎస్టేట్ లైసెన్స్: కోర్సు ఫీజుతో అయిపోదండీ

"టెక్సస్‌లోని ఫ్రిస్కోలో ఉంటున్నాను, రియల్ ఎస్టేట్ ఏజెంట్ లైసెన్స్‌కి కోర్సు ఫీజు కట్టేస్తే ఖర్చు అయిపోయినట్టేనా" అని అడిగారు కదా. కాదండీ.

టెక్సస్‌లో ముందు 180 గంటల కోర్సులు చేయాలి. ఒక్కోటి 30 గంటల చొప్పున మొత్తం ఆరు. తర్వాత దరఖాస్తు రుసుము, వేలిముద్రలు, పరీక్ష ఫీజు. పరీక్ష తప్పితే మళ్లీ కట్టాలి.

అసలు బరువు లైసెన్స్ వచ్చాకే. స్పాన్సర్ చేసే బ్రోకర్ లేకుండా పని చేయడానికి లేదు. రియల్టర్ల అసోసియేషన్ సభ్యత్వం, ఎంఎల్ఎస్ (అమ్మకానికి ఉన్న ఇళ్ల వివరాలను ఏజెంట్లు పంచుకునే జాబితా) చందా లాంటివి మీరు ఇల్లు అమ్మినా అమ్మకపోయినా కట్టాల్సిందే. కొందరు బ్రోకర్లు నెల నెలా ఫీజు కూడా తీసుకుంటారు. అది ఎంతో, కమీషన్‌లో వాళ్ల వాటా ఎంతో చేరకముందే కాగితం మీద రాయించుకోండి. కమీషన్ క్లోజింగ్ (ఇల్లు కొన్నవారి పేరు మీదకు మారడం) అయ్యాకే వస్తుంది కాబట్టి, కొన్ని నెలల ఖర్చు చేతిలో ఉంచుకుంటే టెన్షన్ ఉండదు.

చాలామంది మర్చిపోయేది రెన్యువల్. మొదటి రెండేళ్లలో ఇంకో 90 గంటల కోర్సులు పూర్తి చేయాలి. ఆ తర్వాత రెండేళ్లకోసారి 18 గంటలు చాలు.

మీది హెచ్4 (హెచ్1బీ వాళ్ల కుటుంబానికి ఇచ్చే డిపెండెంట్ వీసా) అన్నారు. ఈఏడీ (అమెరికాలో పని చేసే అనుమతి పత్రం) లేకుండా ఒక్క కమీషన్ కూడా తీసుకోకండి. ముందు ఇమ్మిగ్రేషన్ లాయర్‌తో ఈ సంగతి తేల్చుకుని, ఆ తర్వాతే కోర్సుకు డబ్బు కట్టండి.